పురంజనుని పట్టణం: ఒకే చైతన్యమనే వాదం

జనగామ జిల్లా పాలకుర్తి మండలంలోని బమ్మెర పోతన నివసించిన ఊరని ప్రసిద్ధి. ఆ చుట్టుపట్లనే కాదు, అటు మహబూబాబాద్, ఇటు భూపాలపల్లి దాకా గజేంద్రమోక్షం, ప్రహ్లాద చరిత్ర పేరు వినని ఇల్లు అరుదు. నాలుగవ స్కంధంలోని పురంజనోపాఖ్యానానికి మాత్రం అంతటి ప్రచారం లేదు. అయినా విజ్ఞానశాస్త్రం బోధించే ఉపాధ్యాయునికి భాగవతంలో ఎక్కువ పని కల్పించే కథ ఇదే. ఇది సంకేత కథ అని చెప్పిన నారదుడే, చివర ఒక్కొక్క పాత్రకు అర్థం విప్పుతాడు. అంటే కథాలోకం కల్పితం. దానిపై నిలబెట్టిన సిద్ధాంతం మాత్రం సత్యమని వాదం. వేర్వేరు దేహాలలో కనిపించే చైతన్యం నిజానికి ఒక్కటే అన్నది ఆ సిద్ధాంతం.

కథ ఇది. పురంజనుడనే రాజు అవిజ్ఞాతుడనే మిత్రుని విడిచి, తగిన నివాసం కోసం భూమియంతా తిరిగి, తొమ్మిది వాకిళ్ల పట్టణం ఒకటి చూస్తాడు. అందులో ఒక సుందరి, ఆమెకు పదిమంది సేవకులు, అయిదు తలల పాము ఒకటి కావలి. ఆమెను పెండ్లాడి రాజు నూరేండ్లు సుఖిస్తాడు. ఇంతలో చండవేగుడు 360 మంది గంధర్వులతోను, అంతమంది గంధర్వ స్త్రీలతోను దండెత్తుతాడు. కాలకన్యక పట్టణంలో చొరబడుతుంది. యవనరాజు సోదరుడు ప్రజ్వారుడు నిప్పు పెడతాడు. భార్యను తలచుకుంటూ పోయిన రాజు మరుజన్మలో విదర్భ రాజకుమార్తెగా పుడతాడు. భర్త మరణించి ఆమె విలపిస్తున్నప్పుడు అవిజ్ఞాతుడు బ్రాహ్మణ రూపంలో వచ్చి, తామిద్దరూ పూర్వం మానస సరస్సులోని హంసలమని, తమ మధ్య భేదం అద్దంలోని ప్రతిబింబానికి, చూచేవానికి ఉన్నంతేనని చెబుతాడు.

పట్టణం దేహం. వాకిళ్లు కండ్లు, చెవులు మొదలైన నవరంధ్రాలు. సుందరి బుద్ధి, సేవకులు ఇంద్రియాలు, పాము ప్రాణవాయువు. గంధర్వులు పగళ్లు, వారి స్త్రీలు రాత్రులు. కాలకన్యక ముసలితనం. ప్రజ్వారుడు జ్వరం.

దేహవర్ణనగా చూస్తే ఇందులో ఒకటి రెండు చోట్ల పరిశీలన చాలా చక్కనిది. పట్టణంలో అందరూ నిద్రపోయినా పాము మేలుకొనే ఉంటుంది. దాని పేరే ప్రజాగరుడు. శ్వాసను నడిపే కేంద్రాలు మెదడు అడుగుభాగాన, మెడుల్లా పరిసరాలలో ఉన్నవి. గాఢనిద్రలో సైతం అవి పని మానవు. తరగతిలో మెడుల్లా పాఠం చెప్పేటప్పుడు ఈ పామును తలచుకుంటే తప్పులేదు. అయితే పూర్వులకు మెడుల్లా తెలుసునని వేదికల మీద చెప్పడం వేరు సంగతి. నిద్రించే బిడ్డ రొమ్ము ఎగసిపడటం చూచిన ఏ తల్లికైనా ఈ పాము తెలుసు.

జ్వరం విషయంలో కథ తప్పుదారి పట్టినది. ప్రజ్వారుడు పరాయి సైన్యంతో వచ్చి పట్టణానికి నిప్పు పెట్టే శత్రువు. నేడు తెలిసినదేమంటే, సూక్ష్మజీవులు చొరబడినప్పుడు దేహంలోని రక్షక కణాలే సంకేత ద్రవ్యాలను విడుదల చేస్తవి. వాటి ప్రేరణతో హైపోథలామస్ దేహోష్ణాన్ని పెంచుతుంది. శత్రువు బయటివాడే కావచ్చు, మంట రాజేసినది మాత్రం పట్టణపు కావలివారే! చెవుల సంగతిలో కవిని తప్పు పట్టనక్కరలేదు. కుడిచెవి వాకిలి దక్షిణ పాంచాలానికి, ఎడమచెవి వాకిలి ఉత్తర పాంచాలానికి పోతుందని కథ. నిజానికి ఒక్కొక్క చెవి సమాచారం మెదడు రెండు భాగాలకూ చేరుతుంది. కాని అక్కడ చెప్పదలచినది శరీర నిర్మాణం కాదు, ప్రవృత్తి నివృత్తి శాస్త్రాల సంగతి.

అసలు చిక్కు రాజుతోనే. రాణి తింటే రాజు తింటాడు, ఆమె నవ్వితే నవ్వుతాడు, ఏడిస్తే ఏడుస్తాడు. చూచే పని, వినే పని, నడిచే పని సేవకులవి. మరి రాజు చేసే పని ఏది? దాదాపు 8,600 కోట్ల న్యూరాన్లు గల మెదడులో శాస్త్రజ్ఞులకు ఇటువంటి సింహాసనం ఎక్కడా కనబడలేదు. మూర్ఛరోగ చికిత్సకై మెదడు రెండు అర్ధభాగాలను కలిపే కార్పస్ కాలోసంను, అంటే సుమారు 20 కోట్ల తంతువుల కట్టను, కోసిన రోగులను 1960ల నుండి అమెరికాలో రోజర్ స్పెరీ, ఆయన సహచరులు పరీక్షించారు. చూపునకు ఎడమవైపు ఒక వస్తువు బొమ్మ చూపితే, ఏమీ కనబడలేదని రోగి నోట అంటాడు. అతని ఎడమచేయి మాత్రం తడిమి ఆ వస్తువునే ఎన్నుకుంటుంది. స్పెరీకి 1981లో నోబెల్ బహుమతి లభించినది. ఒక పట్టణంలో ఇద్దరు రాజులా? ఆ నిర్ణయమూ తొందరపాటే కావచ్చు. 2017లో ప్రచురితమైన పరీక్షలలో అటువంటి రోగులు కొందరు చూపులో ఏ వైపు వస్తువుకైనా ఏ చేతితోనైనా, మాటతోనైనా స్పందించగలిగారు. వివాదం ముగియలేదు. ఇక్కడ గమనించదగినది ఒకటి: చైతన్యం ఒకటా రెండా అన్న ప్రశ్న, తలుపు సందులోంచైనా సరే, ప్రయోగశాలలోకి రాగలిగినది.

అవిజ్ఞాతుని మాటకు ఆ అవకాశం లేదు. రెండు హంసలు ఒకటే అయితే ఒకదాని అనుభవం రెండవదానికి తెలియాలి కదా అంటే, మాయచేత తెలియదని సమాధానం. తెలిస్తే సిద్ధాంతం నిజం, తెలియకపోయినా నిజమే! ఏ ఫలితం వచ్చినా ఓడని సిద్ధాంతాన్ని పరీక్షించడం ఎట్లా? భౌతికశాస్త్రజ్ఞుడు ష్రోడింగర్‌కూ ఏక చైతన్య భావనపై మక్కువ ఉండేది. అయినా 1944లో వెలువడిన జీవమంటే ఏమిటి అన్న గ్రంథంలో ఆయన ఆ ఆలోచనను అసలు అధ్యాయాలలో కలపలేదు. తన సొంత అభిప్రాయమని చెప్పి చివరిమాటలో వేరుగా పెట్టాడు. ఉపాధ్యాయులు అనుసరించదగిన మర్యాద అది. తెలుగు పీరియడులో పురంజనుని కథ చెప్పే పద్ధతి ఒకటి, జీవశాస్త్రం పీరియడులో చెప్పే పద్ధతి మరొకటి.

ఇంతకూ నారదుడు ఈ కథ ఎవరికి చెప్పాడు? ఎడతెగక యాగాలు చేసి పశువులను బలి ఇస్తున్న ప్రాచీనబర్హి మహారాజుకు. చచ్చిన పశువులన్నీ పగతో అతనికై ఎదురుచూస్తున్నవని ఆకాశంలో చూపి, ఆ తరువాతనే పురంజనుని సంగతి ఎత్తుకుంటాడు. చంపబడేది పరాయిది కాదని నమ్మించడానికి ఏక చైతన్యం అవసరమని కవి భావం కావచ్చు. నేడు ఆ పనికి అంత పెద్ద సిద్ధాంతం అక్కరలేదు. 2012లో కేంబ్రిడ్జిలో నాడీశాస్త్రజ్ఞులు చేసిన ప్రకటన ప్రకారం, చైతన్యానికి ఆధారమైన మెదడు సాధనాలు మనుషులకే ప్రత్యేకం కావు. స్తన్యజీవులు, పక్షులు, ఆక్టోపస్ వంటి ప్రాణులకూ ఉన్నవి. మేకకు నొప్పి కలుగుతుందని ఒప్పుకోవడానికి మేకా మనిషీ ఒకే హంస కానక్కరలేదు.

కథ విన్న ప్రాచీనబర్హి రాజ్యం విడిచి కపిలాశ్రమానికి వెళ్లినట్లు భాగవతం చెబుతున్నది. అతనిని కదిలించినది తొమ్మిది వాకిళ్ల లెక్క అయి ఉండదు. ఆకాశంలో కనబడిన ఆ పశువులే కావచ్చు.