ఐదు రోజులు, ఒక్క నిమిషం

పెద్ద కథ ఏదైనా చూసేటప్పుడో చదివేటప్పుడో పక్కన ఓ కాగితం పెట్టుకుని, ఏది ఎప్పుడు జరిగిందో రాసుకోవడం నాకు అలవాటు. కథకుడు ఎక్కడ తీరిగ్గా కూర్చున్నాడో, ఎక్కడ పరుగెత్తాడో, ఎక్కడ మన కళ్లుగప్పి రెండు రోజులు మింగేశాడో ఆ కాగితం మీదే బయటపడుతుంది. ఈమధ్య ఆ కాగితానికి చేతినిండా పని కల్పించింది 'ఫెయిరీ టెయిల్' అనే జపాన్ యానిమే. అందులో 'గ్రాండ్ మ్యాజిక్ గేమ్స్' అని మాంత్రికుల పోటీల ఘట్టం ఒకటుంది. పిల్లలు చూసే కార్టూనే కదా అని తీసిపారేసేవాళ్లు ఎలాగూ ఈ వారం పేజీ తిప్పేస్తారు. మిగిలినవాళ్లతో నాలుగు మాటలు.

హిరో మషిమా 2006 నుంచి 2017 దాకా జపాన్‌లో ఓ వారపత్రికకు వారం వారం గీసిన బొమ్మల కథ ఇది. 63 సంపుటాలయింది. ఫియోరె అనే ఊహారాజ్యంలో మాంత్రికులు గిల్డులుగా కూడి, డబ్బు తీసుకుని జనం పనులు చేసిపెడుతుంటారు. అలాంటి గిల్డుల్లో ఒకటి ఫెయిరీ టెయిల్. ఆ లోకపు లెక్కలో ఎక్స్784వ ఏడు డిసెంబర్‌లో ఆ గిల్డులోని హేమాహేమీలంతా టెన్రో అనే దీవిలో ఉండగా అక్నోలోజియా అనే డ్రాగన్ వచ్చి పడుతుంది. ఒక రక్షణ మంత్రం వాళ్ల ప్రాణాలు కాపాడుతుంది కానీ కాలాన్ని ఆపేస్తుంది. మళ్లీ కళ్లు తెరిచేసరికి ఎక్స్791. వాళ్లకు ఒక్కరోజు వయసు పెరగలేదు, లోకానికి ఏడేళ్లు గడిచిపోయాయి. ఒకప్పుడు దేశంలోనే పేరుమోసిన గిల్డు ఇప్పుడు అట్టడుగున ఉంది. ఈ పోటీలు పుట్టింది కూడా ఆ ఏడేళ్లలోనే. మొదటి స్థానం సేబర్‌టూత్ అనే కొత్త గిల్డుది, ఆఖరి స్థానం వీళ్లది. గెలిస్తే మూడు కోట్ల జ్యువెల్స్ బహుమతి. ఉన్న ఒకే ఒక్క దారి అది.

పోటీలకు ఇంకా మూడు నెలలుంది. సముద్రం ఒడ్డున సాధన మొదలుపెడతారు. ఇంతలో నక్షత్ర లోకంలోని ఆత్మలు విందుకు పిలుస్తాయి. వెళ్లి, ఒక్కరోజు హాయిగా తిని, ఆడి, పాడి తిరిగొస్తారు. అక్కడి ఒక్కరోజు ఇక్కడ మూడు నెలలని అప్పుడు తెలుస్తుంది. చేతిలో ఐదు రోజులు మిగులుతాయి. మామూలుగా పోటీల కథ అనగానే కథానాయకుడు కొండలెక్కి, జలపాతాల కింద నిలబడి చెమటోడ్చే దృశ్యాలు బోలెడుంటాయి. మషిమా ఆ దృశ్యాలకు ఉన్న చోటంతా ఓ విందుభోజనానికి ఖర్చుపెట్టేశాడు. మొదట చూసినప్పుడు హాస్యం కోసమే అనిపిస్తుంది. కాగితం మీద రాసుకున్నాక తెలిసింది, ఈ ఘట్టంలో ప్రతి మలుపూ కాలం పోగొట్టుకోవడం గురించేనని. ఏడేళ్లు ఒకసారి, మూడు నెలలు ఒకసారి.

ఇక పోటీల పట్టిక. రాజధాని క్రోకస్‌లో అర్ధరాత్రి ఆకాశంలో తేలే చిక్కుదారిలో వడపోత. 113 జట్లలో ఎనిమిది మిగులుతాయి. ఫెయిరీ టెయిల్ రెండు జట్లను దింపితే, నాట్సు, లూసీ, గ్రే, ఎర్జా ఉన్న 'ఏ' జట్టు ఆ ఎనిమిదింటిలో ఎనిమిదోది. ఆ తర్వాత ఐదు రోజుల ఆట. మొదటి నాలుగు రోజులూ ముందు ఒక పోటీ, తర్వాత ద్వంద్వ యుద్ధాలు. పోటీలో మొదటివారికి పది పాయింట్లు, అక్కణ్ణుంచి ఎనిమిది, ఆరు, నాలుగు, మూడు, రెండు, ఒకటి, సున్నా. యుద్ధంలో గెలిస్తే పది, సమమైతే చెరి ఐదు. ఈ లెక్కంతా ముందే చెప్పేస్తాడు కథకుడు. మన భారతంలోనూ ఇదే పనితనం ఉంది. యుద్ధం పద్దెనిమిది రోజులని, అందులో భీష్ముడికి పది, ద్రోణుడికి ఐదు అని తెలిసే వింటాం. తెలుసు కాబట్టే పద్నాలుగో రోజు సూర్యుడు దిగుతుంటే సైంధవుడి కోసం మనకు గుండె దడ. గడువు తెలియనివాడికి ఉత్కంఠ ఎక్కణ్ణుంచి వస్తుంది?

మొదటి రోజు ముగిసేసరికి 'ఏ' జట్టుకు సున్నా, 'బి' జట్టుకు ఒకటి. స్టేడియం అంతా నవ్వుతుంది. రెండో రోజు కదిలే రథాల మీద పరుగుపందెం. డ్రాగన్లను చంపే విద్య నేర్చినవాళ్లకు వాహనం ఎక్కితే కడుపులో తిప్పుతుంది, అలాంటివాళ్లు ముగ్గురు ఆ పందెంలో పాకుతుంటారు. ఇంతగా ఎందుకు పాకుతున్నావని సేబర్‌టూత్ వీరుడు స్టింగ్ అడిగితే నాట్సు చెప్పే జవాబు, ఏడేళ్లు అవమానాలు పడుతూ ఎదురుచూసిన తోటివాళ్ల కోసమని.

మూడో రోజు మాత్రం ఎన్నిసార్లు చూసినా విసుగు రాదు. పండెమోనియం అనే మాయా భవనంలో వంద రాక్షస జీవులుంటాయి. డి తరగతివి 50, సి 30, బి 15, ఏ 4, ఎస్ తరగతిది ఒక్కటి. ఎన్నింటితో పోరాడతారో ఒక్కొక్కరు ఎంచుకోవాలి. రెండు, మూడు, ఐదు అని అందరూ బేరమాడాల్సిన ఆట ఇది. ఎర్జా వందా నాకే అంటుంది. అని, ఒంటరిగా లోపలికెళ్లి వందనూ పడగొట్టి, రక్తమోడుతూ నిలబడుతుంది. పోటీ ఒక్కరితోనే అయిపోవడంతో మిగతావాళ్లకు పాయింట్లు పంచడానికి నిర్వాహకులు అప్పటికప్పుడు మంత్రశక్తిని కొలిచే యంత్రం తెప్పిస్తారు. జురా అనే మహామాంత్రికుడు 8544 కొట్టి అందరి నోళ్లూ మూయిస్తాడు. చివర్న ఫెయిరీ టెయిల్ మాంత్రికురాలు కానా తూలుతూ వచ్చి కొడుతుంది. 9999 చూపించి యంత్రం ముక్కలవుతుంది. దానికి అంతకు మించి అంకెలు లేవు! పట్టిక ఉన్న కథలోనే ఈ ఆనందం దొరుకుతుంది. పెట్టిన నియమాన్ని ఉల్లంఘించకుండా, ఆ నియమం పట్టలేనంత పని చేసి చూపించడం.

అక్రమాలకు పాల్పడ్డ రేవెన్ టెయిల్ జట్టును ఆ రోజే వెళ్లగొడతారు. ఎనిమిదిలో ఒకటి పోతే ఏడు, బేసి సంఖ్య, యుద్ధాలకు జతలు కుదరవు. అందుకని ఫెయిరీ టెయిల్ రెండు జట్లనూ కలిపి ఒకటి చేయమంటారు. కథకు కావలసిన మలుపును కూడికలు, తీసివేతల్లోంచి తెచ్చిన తీరుకు దండం పెట్టొచ్చు. నాలుగో రోజు సేబర్‌టూత్ జంట స్టింగ్, రోగ్‌లను నాట్సు ఒంటరిగా ఎదుర్కొంటాడు. జపాన్ టీవీలో ఆ పోరు 175వ భాగం, 2013 మార్చి 30న వచ్చింది. దాంతో ప్రసారం ఆగిపోయింది. 176వ భాగం వచ్చింది 2014 ఏప్రిల్ 5న. కథలో నాలుగో రోజుకు, ఐదో రోజుకు మధ్య ప్రేక్షకులకు ఏడాది పైన గడిచింది. కాలం పోగొట్టుకున్నవాళ్ల కథలో చూసేవాళ్లూ ఓ ఏడాది పోగొట్టుకున్నారన్నమాట. ఇది మషిమా వేసిన ఎత్తు కాదు, టీవీ లెక్కలు.

ఐదో రోజు నగరమంతా రంగస్థలం. ఇక్కడే నాకు మషిమా నచ్చింది. కథానాయకుడు నాట్సు ఆ రోజు బరిలోనే లేడు. రాజప్రాసాదంలో బందీ అయిన లూసీని విడిపించడానికి వెళ్లాడు. అతని చోట అదే గిల్డుకు చెందిన జూవియా దిగింది. ఆఖర్న గాయాలతో నిలబడ్డ ఫెయిరీ టెయిల్ ఐదుగురి ముందు, ఒంటిమీద దెబ్బలేని స్టింగ్ మోకాళ్ల మీద కూలి ఓటమి ఒప్పుకుంటాడు. ఇన్ని భాగాల పోటీకి ఆఖరి దెబ్బ అంటూ లేదు. బాగా తిట్టుకున్న అభిమానులున్నారు. నేను మాత్రం మెచ్చుకున్నాను, ఎందుకంటే అప్పటికే కథ స్టేడియం దాటి వెళ్లిపోయింది.

ఎక్కడికంటే, జులై 7కి. ఎక్స్777లో నాట్సులాంటివాళ్లకు ఆ విద్య నేర్పిన డ్రాగన్లు మాయమైంది ఆ తేదీనే. ప్రాసాదం అడుగున నాలుగు వందల ఏళ్ల వెనక్కి తెరుచుకునే ఎక్లిప్స్ అనే ద్వారం ఉంది. ఏటేటా ఈ పోటీల పేరుతో పోగైన మాంత్రికుల శక్తినే గుట్టుగా దానికి తాగిస్తున్నారు. అంటే మనం పాయింట్లు లెక్కబెట్టుకున్న పోటీలే ఆ ద్వారానికి మేత. ఆ తేదీన తెరిచిన ద్వారాన్ని మళ్లీ మూసేలోగా ఏడు డ్రాగన్లు బయటికొస్తాయి. మనుషులు చనిపోతారు, గ్రే కూడా.

అప్పుడు అల్టియర్ అనే మాంత్రికురాలు వస్తుంది. కాలాన్ని వెనక్కి తిప్పే నిషిద్ధ మంత్రానికి తన ఆయుష్షును ధారపోస్తుంది. వెనక్కి తిరిగింది ఎంత? ఒక్క నిమిషం. ఇంతేనా అని ఆమె ఏడుస్తుంది. కానీ ఆ నిమిషంలో జరగబోయేది అందరికీ ముందే కనిపించింది, కాబట్టి చావాల్సినవాళ్లు పక్కకు తప్పుకున్నారు. చచ్చినవాళ్లను బతికించే కథలంటే నాకు చిరాకు. రచయితకు ధైర్యం చాలనప్పుడు వాడే కిటుకు అది. మషిమాకు ఆ బలహీనత ఉందనీ, ఈ ఒక్కచోటే కాదనీ ఒప్పుకోవాలి. ఇక్కడ మాత్రం క్షమించాను. ఏడేళ్లు, మూడు నెలలు, నాలుగు వందల ఏళ్లు అని పెద్ద పెద్ద లెక్కలు చెప్పినవాడు, ఆ నిమిషానికి ఒక మనిషి యవ్వనమంతా ఖరీదు కట్టాడు. ఆమె ముసలిదైపోయింది. ఆ ధర తగ్గించలేదు.

ఇప్పుడంతా వరసపెట్టి చూసేయడమే కదా, ఒక భాగం అయ్యీ అవ్వకముందే తర్వాతది మొదలైపోతుంది. మీ ఇంట్లో పిల్లలు ఇది చూస్తుంటే ఒక్క పని చేయండి. 175వ భాగం అయ్యాక రిమోట్ తీసుకుని ఓ వారం దాచేయండి. తిడతారు, పడండి.