గడప మీద ఉప్పుకాగితం

గుమ్మానికి రంగు వేయడం గంట పని. అంతకుముందు రెండు రోజులు రుద్దాలి. ఆ రెండు రోజుల్ని మాత్రం ఎవరూ లెక్కలోకి తీసుకోరు. చదరపు అడుగుకి ఇంత అని మాట్లాడుకుంటాం గానీ, రుద్దుడుకి ఇంత అని విడిగా అడిగినవాణ్ణి నేను చూడలేదు. అందుకేనేమో, పోయినసారి వచ్చిన పెయింటరు పాత రంగు మీదే కొత్తది పూసి వెళ్లిపోయాడు. సంక్రాంతికి వేసింది ఉగాదికల్లా పెచ్చులుగా లేచింది. ఈసారి ఉప్పుకాగితం నేనే పట్టుకున్నాను.

మొదటి పొరపాటు గడప దగ్గరే చేశాను. ఏళ్ల తరబడి శుక్రవారం శుక్రవారం పసుపు రాయించుకుని, దీపాల నూనె తాగిన చెక్క అది. నేరుగా 80 నంబరు కాగితం తీసుకుని మొదలుపెట్టా. పది రుద్దులకే గరుకంతా జిడ్డుతో పూడిపోయి కాగితం అరిటాకులా నున్నబడింది. జిడ్డు పోకపోగా చెక్కలోకి ఇంకాస్త దిగింది. ముందు సబ్బునీళ్లతో కడిగి, ఆరాక టర్పెంటైన్ గుడ్డతో తుడిచి, ఆ తర్వాతే కాగితం ముట్టుకోవాలట. 80 తర్వాత 120, ప్రైమర్ ఆరాక 220. అంకె పెరిగేకొద్దీ గరుకు సన్నం. చెయ్యి ఎప్పుడూ చెక్క చారల వెంటే పోవాలి. అడ్డంగా రుద్దిన గీత అప్పటికి కనపడదు. ఎనామిల్ వేశాక, ట్యూబ్‌లైటు పక్కనుంచి పడగానే వెక్కిరిస్తుంది.

పైకమ్మీకి మామిడి తోరణాల మేకుల బొక్కలు పదకొండు. లప్పం ఆరితే కుంగుతుంది కాబట్టి కాస్త ఉబ్బెత్తుగా పెట్టి, ఆరాక రుద్దేశా.

నిలువుకమ్మీ రుద్దుతుంటే గోధుమరంగు కింద ఆకుపచ్చ, దాని కింద నీలం బయటపడ్డాయి. నీలం మా అక్క పెళ్లికి వేసింది. కాసేపు మురిసిపోయాను. తర్వాత గుర్తొచ్చింది: ఇళ్ల రంగుల్లో సీసం 90 పీపీఎం దాటకూడదన్న నిబంధన మన దేశంలో అమల్లోకి వచ్చింది 2017 నవంబరు 1న. అక్క పెళ్లి అంతకు చాలా ముందు. మురిసిపోతూ నేను పీల్చిన పొడిలో ఏముందో! వెంటనే పొడిగా రుద్దడం ఆపేశా. పిల్లల్ని మేడ మీదికి పంపి, ఎన్95 మాస్కు పెట్టుకుని, వాటర్ పేపర్ తడిపి రుద్దా. రాలిన పొడిని ఊడవలేదు, తడిగుడ్డతో ఎత్తా. తడికి చెక్క నూగు లేస్తుంది, అది ఇంకో పూట పని.

చివరికి గడపకి పసుపురంగు ఎనామిల్ వేశా. ముట్టుకుంటే అంటకపోవడానికి ఒక రోజు చాలు, గట్టిపడాలంటే వారమైనా ఆగాలి. మూడో రోజు శుక్రవారం.

‘‘రంగే పసుపు కదమ్మా, ఈ వారానికి వదిలెయ్’’ అన్నా.

‘‘రంగు రంగే, పసుపు పసుపే’’ అంది అమ్మ, గిన్నెలో వేళ్లు ముంచుతూ.

గడప కుడిచివర మూడు వేళ్ల గుర్తులు అచ్చుపడ్డాయి. ఆవిడ అక్క వాళ్లింటికి వెళ్లినప్పుడు రుద్దాలి. 220 చాలు.