మాందెల్‌ష్తామ్ చరమదినములు: లేఖ, కథ, కల్పన

రష్యను కవి ఓసిప్ మాందెల్‌ష్తామ్ (1891–1938) తుదిదినములను గూర్చి వ్రాయబూనిన విమర్శకునకు మొదట ఎదురగునది శూన్యము. స్టాలినుపై 1933లో చెప్పిన పద్యము కారణముగా 1934లో ప్రవాసమునకు పంపబడి, 1937 వరకు వొరోనెఝ్‌లో గడపిన ఈ కవిని 1938 మే 2న సమాతిఖాలో మరల నిర్బంధించిరి. ఐదేండ్ల శిక్ష పడెను. అక్టోబరు 12న వ్లాదివస్తోకు చెంతనున్న శిబిరమునకు చేరెను. డిసెంబరు 27న మరణించెను. అచట కవిత్వము చెప్పియుండిన చెప్పియుండవచ్చును; నిలిచినది లేదు.

నిలిచినది తమ్ముడు అలెగ్జాండరునకు వ్రాసిన లేఖ యొక్కటే. శిక్షా వివరము, ప్రయాణపు తేదీలు, తానున్న బరాకు సంఖ్య అందు గలవు. మిక్కిలి కృశించితిననియు, పంపినను ఫలముండునో లేదో యెరుగననియు, అయినను బట్టలు, ఆహారము, డబ్బు పంపి చూడుమనియు కోరెను. భార్య నదేజ్దా జీవించియున్నదో లేదో అను ఆరాటము అందే కలదు. అలంకారములను వెదకువారికి ఈ లేఖలో దొరకునది స్వల్పము. ఆ స్వల్పతయే దాని ప్రామాణ్యమని మా తలంపు.

ఈ శూన్యమును పూరించుటకై కొందరు వొరోనెఝ్ పద్యములను మరణసూచనలుగా చదువుదురు. శ్రీనాథుని చరమదశను చాటుపద్యములనుండి అల్లుకొన్న మనకు ఈ అలవాటు క్రొత్త కాదు. అయితే ఆ పద్యములను చదువుడు: నల్లరేగడి నేలను దున్నినపుడు కలుగు తృప్తి, వసంతము, సంగీతము! మృత్యుభయము వానిలో లేదనము. అదియే వాని సారమనుట మాత్రము కవికి అన్యాయము. ప్రవాసమున నున్నవాడు బ్రదుకుపై చూపిన మమకారమును, అతని మరణము నెరిగిన మనము చెరిపివేయుచున్నాము.

వర్లామ్ షలామొవ్ మార్గము వేరు. తానును 1937లో వ్లాదివస్తోకు మీదుగా కొలీమాకు కొనిపోబడిన ఈ రచయిత 'చెర్రీ బ్రాందీ' అను కథలో ఒక కవి మరణమును చిత్రించెను. మృతుని రొట్టెకై తోడిఖైదీలు రెండు దినములు అతని మరణమును దాచుదురు. కావున కాగితముపై తేదీ కంటె ముందే కవి చనిపోవును. ఇది కల్పన. కల్పనగనే మన ముందుంచబడినది. జీవితచరిత్ర వేషము వేసిన ఊహలకంటె ఇదియే మాకు విశ్వాసపాత్రముగా తోచుచున్నది.

నదేజ్దా పంపిన పొట్లము 1939 ఆరంభమున, గ్రహీత మరణించెనను మాటతో తిరిగివచ్చెను. ఆమె పద్యములను కంఠస్థము చేసియు, ప్రతులను దాచియు కాపాడెను. సోవియట్ దేశమున, కవి మరణానంతరము, అతని పద్యసంపుటము వెలువడినది 1973లో.