గెలిచినవాడు చెప్పాల్సిన పేర్లు

అమెరికా స్టాక్ కారు రేసుల్లో, అంటే నాస్కార్‌లో, నాకు రేసు ఎంత ముఖ్యమో అది ముగిశాక వచ్చే రెండు నిమిషాలూ అంతే ముఖ్యం. డేటోనాలో 500 మైళ్లు నడిపిన మనిషి కిటికీలోంచి బయటికొస్తాడు. ఆ కార్లకు తెరుచుకునే తలుపులుండవు. ఒళ్లంతా చెమట. మైకు ముందుకు రాగానే డబ్బు పెట్టిన కంపెనీల పేర్లన్నీ వరసగా చెప్పేస్తాడు.

చాలామందికి అది విసుగు. నాకు మాత్రం అందులో పనితనం కనిపిస్తుంది. మన వీధి నాటకాల్లో కథ ఆపి చదివింపులు ఇచ్చినవారి పేర్లు చదివేవారు చూడండి, అలాంటిదే. పేరు మరిచిపోతే దాత నొచ్చుకుంటాడు, సాగదీస్తే కథ చెడుతుంది. ఆరితేరిన డ్రైవరు కథ ఆపడు. చివరి ల్యాపులో ఇంజిన్ ఎలా లాగిందో చెబుతూనే ఆ ఇంజిన్ ఎవరిదో చెప్పేస్తాడు.

1971 జనవరిలో అమెరికా టీవీ, రేడియోల్లో సిగరెట్ ప్రకటనలు నిషేధించారు. ఆ ఏడాదే విన్‌స్టన్ సిగరెట్ కంపెనీ నాస్కార్ ప్రధాన సిరీస్‌కు తన పేరు పెట్టించుకుంది. 2003 దాకా అది విన్‌స్టన్ కప్పే. ప్రకటన వేయడానికి వీల్లేని టీవీలో వ్యాఖ్యాతల నోటనే ఆ పేరు వినబడుతూ వచ్చింది. సిగరెట్ కోసం అంత తెలివి ఖర్చు కావడం నాకు ఇప్పటికీ బాధే.

1972లో డ్రైవరు రిచర్డ్ పెట్టీ దగ్గరికి ఇంజిన్ ఆయిల్ సరుకుల కంపెనీ ఎస్‌టీపీ డబ్బు పెడతానంటూ వచ్చింది. కారంతా తమ ఎరుపే ఉండాలంది. తన కుటుంబం కార్ల నీలాన్ని వదలనన్నాడు పెట్టీ. చివరికి రెండు రంగులూ కలిశాయి. డబ్బు తీసుకుంటూ కూడా తన గుర్తు నిలుపుకున్న ఆ పట్టుదలంటే నాకు గౌరవం.

గెలిచాక టోపీల తంతు ఒకటుంటుంది. ఒక కంపెనీ టోపీ పెట్టుకోవడం, ఫొటో, తీసేసి ఇంకోటి, మళ్లీ ఫొటో. ప్రతిసారీ అదే నవ్వు నవ్వాలి. 2004లో పొకోనోలో గెలిచిన జిమ్మీ జాన్సన్, కారు మీద పెట్టిన పవరేడ్ పానీయం సీసాలకు అడ్డంగా తన స్పాన్సరు లోస్ బోర్డు పెట్టాడు. 10,000 డాలర్ల జరిమానా పడింది. ఎందుకు అడ్డం పెట్టాడంటే, పవరేడ్ పోటీదారు గేటరేడ్‌తో అతనికి ఒప్పందం మరి.

ఇప్పుడు ఒకే కారుకు ఏడాదంతా ఒకే కంపెనీ దొరకడం అరుదు. కొన్ని రేసులు ఒకరివి, కొన్ని ఇంకొకరివి. గెలిచినవాడు ఊపిరి అందక రొప్పుతూనే, ఈ వారం ఎవరి పేరు చెప్పాలో గుర్తుంచుకోవాలి.