ఎస్టీడీ బూతు అన్న

1984లో సీ-డాట్ అనే టెలిఫోన్ సాంకేతిక సంస్థ పుట్టి పల్లెలకు చిన్న ఎక్స్చేంజీలు రూపొందించింది. ఆ పేరు అందరికీ తెలుసు. పసుపు రంగు ఎస్టీడీ బోర్డు కింద కూర్చున్న బూతు అన్నను మాత్రం ఎవరూ తలచుకోరు.

జగిత్యాల, సిరిసిల్ల పల్లెల్లో దుబాయ్ ఫోను వస్తే, "అక్కా, బావ మళ్ల పది నిమిషాలకు చేస్తడట, జల్ది రా" అని పిల్లగాణ్ణి ఉరికించేవాడు. బియ్యం చేటలోనే వదిలి ఆమె వచ్చేది. రిసీవరు రెండు చేతుల్తో పట్టుకుని, దారంతా అనుకున్న మాటలన్నీ మరిచి, "తిన్నవా?" అనేది. తర్వాత ఇద్దరూ మాట్లాడరు. ఆ మౌనానికీ అవతల డబ్బు పడుతూనే ఉండేది.

అప్పుడు బూతు అన్న రేడియో కాస్త పెంచేవాడు, ఆమె ఏడుపు బెంచీ మీదున్నవాళ్లకు వినబడకుండా. ఈ పని ఎవరూ నేర్పలేదతనికి. రాత్రి 11 దాటితే పడే పావు ఛార్జీ కోసం వచ్చేవాళ్లకు తలుపు తీసి ఉంచేవాడు. డబ్బు చాలనివాళ్ల బాకీ నోటుబుక్కులో రాసుకునేవాడు. ఎన్ని కాపురాల గుట్టు విన్నాడో, ఒక్కటీ బయట పెట్టలేదు. నా దృష్టిలో అది డాక్టరుకున్నంత నిష్ఠ.

మీ ఊళ్లో బూతు నడిపినాయన ఉంటే, ఈసారి వెళ్లినప్పుడు తప్పక పలకరించి రండి.