గైడు చేతిలో విజిల్

"ఇప్పుడు మనం ఇందూరు ఖజురహోకు చేరుకుంటున్నాం" అని బస్సు మైకులో వినపడగానే నా ఆదివారం సగం పాడైంది. నిజామాబాద్ దగ్గరి డిచ్‌పల్లి రామాలయాన్ని డిచ్‌పల్లి రామాలయం అనే పిలవండని ఈ చోట ఎన్నిసార్లు మొత్తుకున్నానో పాత పాఠకులకు తెలుసు. గుట్ట మీద అంత సొగసుగా నిలబడ్డ గుడికి ఎక్కడిదో పేరు అరువు తెచ్చి తగిలించడం దేనికి? ఖజురహో వెళ్ళినవాళ్ళకు అక్కడి గైడు "ఇది మధ్యప్రదేశ్ డిచ్‌పల్లి" అని చెప్తున్నాడా? చెప్పడం మొదలుపెట్టిన రోజు నేనూ నోరు మూసుకుంటాను.

అసలు నేను ఆ బస్సెక్కడమే విడ్డూరం. ఊరు చూడాలంటే పల్లెవెలుగు ఎక్కాలి, కిటికీ పక్కన కూర్చోవాలి, దిగినచోట చాయ్ తాగుతూ ఎవరితోనైనా ముచ్చట పెట్టాలి, మిగతాది ఊరే చూసుకుంటుంది. ఇది నా పాత సిద్ధాంతం. 1932లో నిజాం రైల్వే వాళ్ళు ఇరవై ఏడు బస్సులతో మొదలుపెట్టిన నాటికి సర్కారే బస్సు నడపడం దేశానికి కొత్త సంగతి. అంత చరిత్ర ఉన్న ఎర్రబస్సును వదిలేసి, ఒకేరంగు టోపీలు పెట్టుకుని, నీళ్ళ సీసా, పులిహోర పొట్లం పట్టుకుని గైడు వెంట నడవడమంటే నాకు మొదటినుంచీ గిట్టదు. మా వదినమ్మ బాధ వేరు. "జీరో టికెట్ మీద పోయే బోధన్‌కు పైసలు గట్టి పోవుడేందయ్యా?" అంది. ఆడవాళ్ళకు బస్సు ఉచితం చేసిన మహాలక్ష్మి పథకం వచ్చిన 2023 డిసెంబరు నుంచి ఆవిడ ఏ ప్రయాణానికైనా ఆధార్ కార్డుతోనే లెక్క మొదలుపెడుతుంది.

దీనికంతటికీ కారణం జపాన్. మా మేనకోడలు నగోయాలో ఉద్యోగం చేస్తుంది. పోయిన నెలలో ఒకరోజు బస్సు టూరులో షిరకావా-గో అనే కొండపల్లెకు వెళ్ళొచ్చి ఫోటోలు పంపింది. మంచు నిలవకుండా నిటారుగా లేపిన దళసరి గడ్డికప్పులు, ఒకప్పుడు పట్టుపురుగులు పెంచిన అటకలు, ఇళ్ళ మధ్యలోనే వరిమళ్ళు. 1995 నుంచీ అది యునెస్కో జాబితాలో ఉంది. కప్పు మార్చాల్సి వస్తే ఊరి జనమంతా ఆ ఒక్క ఇంటి మీదికెక్కి గడ్డి పరిచి దిగుతారట. ఆ ఫోటోలను మా కాలనీ లెక్కల సారు వాట్సాప్ గ్రూపులో పెట్టాడు. చప్పట్ల బొమ్మల వరస కింద ఎవరో రాశారు: "మన దగ్గర ఇట్లాంటివి ఏమున్నయ్ సార్?"

అది సారుకు గుచ్చుకుంది, నాకూ గుచ్చుకుంది. ప్రపంచ పర్యాటక సంస్థ 2021లో మొట్టమొదటిసారి ఉత్తమ పర్యాటక గ్రామాలను ఎంపిక చేసినప్పుడు, క్యోటో దగ్గరి మియామా అనే గడ్డికప్పుల పల్లె, మన పోచంపల్లి ఒకే జాబితాలో ఉన్నాయి. ఈ ముక్క గ్రూపులో పెడితే ఒక్కరూ చప్పట్లు కొట్టలేదు. సారు మాత్రం వాదనకు దిగకుండా బస్సు మాట్లాడాడు, గైడును మాట్లాడాడు. డిచ్‌పల్లి, జానకంపేట, బోధన్, కందకుర్తి, అలీసాగర్. పొద్దున ఎక్కితే చీకటిపడేలోపు ఇంట్లో. ఒక్కో చోటుకు ఇన్ని నిమిషాలని కాగితం మీద వేసి పంచాడు.

గైడు కుర్రాడు. మెడలో విజిల్. స్కూలు పిల్లలను తిప్పిన అలవాటట. డిచ్‌పల్లి గుట్ట మీద మేం ఇంకా ఆయాసం తీర్చుకుంటుండగానే ఊదాడు. కింద అదే ఊళ్ళో, 1915లో స్కాట్లండ్ డాక్టరమ్మ ఇజబెల్ కెర్ కుష్ఠురోగుల కోసం నిలబెట్టిన విక్టోరియా ఆస్పత్రి ఉంది. రోగిని ఇంటివాళ్ళే గడప తొక్కనివ్వని కాలంలో వాళ్ళకొక ఊరే కట్టిన మనిషి. దాని ముచ్చట కాగితంలో లేదు, మైకులోనూ లేదు. నేను పక్క సీటతనికి చెప్పబోతే అతను పులిహోర విప్పుతున్నాడు.

బోధన్‌కు నలభై నిమిషాలు వేశాడు సారు. బౌద్ధ గ్రంథాలు లెక్కపెట్టిన పదహారు మహాజనపదాల్లో దక్షిణాదిది అశ్మక ఒక్కటే. దాని రాజధాని పోదన మన బోధనేనని చరిత్రకారులు గుర్తించారు. అట్లాంటి ఊరికి నలభై నిమిషాలు! అందులో పది దేవల్ మసీదుకు పోయాయి. రాష్ట్రకూటుల నాడు నక్షత్రం ఆకారంలో కట్టిన జైన ఆలయం, తుగ్లక్ కాలంలో మసీదైంది. స్తంభాల మీది చెక్కడాలు ఇప్పటికీ కనపడతాయి. గైడు దాన్ని రెండు వాక్యాల్లో దాటేసి, తనకు నచ్చిన కథకు వచ్చాడు. ఈ ఊరే మహాభారతంలోని ఏకచక్రపురమట, భీముడు బకాసురుణ్ణి చంపింది ఇక్కడేనట. రోజుకో బండెడు అన్నం, రెండు దున్నపోతులు, ఇంటికో మనిషి. కథ బాగా చెప్పాడు, అబద్ధమెందుకు. ఆడవాళ్ళంతా విన్నారు. కథ అయిపోయేసరికి బస్సు షక్కర్‌నగర్‌లో షుగర్ ఫ్యాక్టరీ గేటు ముందు ఆగింది. అక్కడ నేను అతని మాట వినడం మానేశాను.

మా మేనమామ ఆ ఫ్యాక్టరీలో ఫిట్టరు. సంక్రాంతి సెలవులకు మమ్మల్ని నిజామాబాద్‌లో బోధన్ రైలెక్కించేవాళ్ళు. క్రషింగ్ సీజన్ నడిమధ్య. ఊరు కనపడకముందే వాసన వచ్చేది. ముందు మరిగే రసం తీపి, దాని వెనకే ముక్కుపుటాలకు పట్టే మొలాసిస్ పులుపు. రోడ్డు పొడుగునా చెరుకు బండ్లు. విప్పిన ఎడ్లు ఆకు నములుతూ ఉండేవి, బండి కిందనే గొంగడి కప్పుకొని రైతు నిద్రపోతుండేవాడు. వంతు ఎప్పుడొస్తుందో తెలియదు. చెరుకేమో ఆగదు. కోసిన గడ ఎండలో ఎన్ని గంటలుంటే అంత తూకం తగ్గుతుంది, లోపలి చక్కెరా తగ్గుతుంది. వరస కదిలినప్పుడల్లా లేచి కళ్ళు నులుముకుంటూ ఎడ్లను కట్టుకునేవాళ్ళు. మేం వెనకనుంచి గడ గుంజితే చూసీ చూడనట్టు ఊరుకునేవాళ్ళు. రెండో గడకు మాత్రం ముల్లుకర్ర లేచేది.

సైరన్ మోగితే షిఫ్టు మారినట్టు. గడియారం లేని ఇళ్ళల్లో కూడా ఆ సైరన్‌కే పొయ్యి రాజేసేవాళ్ళు. మామ సైకిలు చప్పుడు, గ్రీజు మరకల చొక్కా, చొక్కా జేబులో మాకోసం బెల్లంలా గట్టిపడ్డ చక్కెర గడ్డ. ఒకసారి నన్ను లోపలికి తీసుకుపోయాడు. రోలర్ల కింద చెరుకు నలిగే మోతకు నేను ఆయన చెయ్యి వదల్లేదు. నాకు గుర్తున్నది ఆ మోత కాదు. పైన ప్యాన్ దగ్గర ఒకాయన నిలబడి ఉండేవాడు, ప్యాన్‌మన్. గాలి తీసేసిన పెద్ద పాత్రలో రసం చిక్కబడుతుంటే, చిన్న కడ్డీతో కాస్త బయటికి తీసి, గాజు పలక మీద రాసి, దీపం వైపు ఎత్తి చూసేవాడు. పలుకు కట్టిందా? కట్టిన పలుకంతా ఒక్క తీరున ఉందా? మధ్యలో అక్కర్లేని సన్నపలుకు పుట్టుకొస్తోందా? వేళ్ళ మధ్య రుద్ది చూసి, తల ఆడించకుండా, ఎవరితో మాట్లాడకుండా వాల్వు తిప్పేవాడు. నూరు కిలోల చెరుకు నలిగితే పది కిలోల చక్కెర, అటూఇటుగా. ఆ పదీ సరైన పలుకుతో సంచిలో పడేదీ లేనిదీ అతని కంటి మీదుండేది. పిప్పి బాయిలర్‌కు పోయి ఆవిరయ్యేది, ఆ ఆవిరే మిల్లును తిప్పేది. చెరుకులో పారేసేది ఏమీ లేదని మామ తానే కనిపెట్టినట్టు చెప్పేవాడు.

ఈ ఫ్యాక్టరీ ఊరికే రాలేదు. 1923లో మొదలై 1931లో పూర్తయిన నిజాంసాగర్ మంజీరా నీళ్ళను ఈ నేల మీదికి తెచ్చింది. నీళ్ళ వెంట చెరుకు వచ్చింది, చెరుకు వెంట 1937లో ఫ్యాక్టరీ వచ్చింది. కోస్తా జిల్లాల రైతులు వచ్చి వర్ని, రుద్రూరు, కోటగిరి చుట్టూ వేసుకున్న గుడిసెలు ఊళ్ళయ్యాయి. ఆ ఊళ్ళ పేర్ల చివర క్యాంపు అన్న మాట ఇప్పటికీ పోలేదు. ఆసియాలోనే పెద్దదని చెప్పుకున్న ఫ్యాక్టరీ 2002లో ప్రైవేటు చేతికి పోయింది, 2015 డిసెంబరులో మూతపడింది. తెరిపిస్తామన్న హామీ మాత్రం ఏ ఎన్నికలోనూ మూతపడలేదు. ఇది కూడా బండ్లకు బండ్లు మింగినదే. కాని ఇంటికో మనిషిని అడిగి మింగలేదు, ఇంటికో మనిషిని పెట్టుకుని సాకింది. ఈ బకాసురుడు పోయినందుకు ఊళ్ళో ఎవరూ పండగ చేసుకోలేదు.

గేటు పక్క చాయ్ బండి దగ్గర ఒక పెద్దాయన కూర్చున్నాడు. లోపల పనిచేసి దిగినవాడేనని చూడగానే తెలిసింది. పక్కన కూర్చున్నాను. ప్యాన్ మాట ఎత్తగానే ఆయన వేళ్ళు వాటంతటవే రుద్దుకున్నాయి. ముచ్చట పాకానికి వస్తోందనగా మా వాళ్ళు చుట్టుముట్టారు. "తాతా, గేటు ముంగట నిలవడు, ఒక్క ఫోటో." నిలబడ్డాడు. ఇంకొకరు. మళ్ళీ నిలబడ్డాడు. మరో ఇద్దరు వచ్చేసరికి, "ఇగ కూసుంట బిడ్డా, మోకాళ్ళు గుంజుతున్నయ్" అన్నాడు. ఈలోపు మా కాలనీ ఆడవాళ్ళు కొందరు క్వార్టర్లవైపు నడిచారు. పాతకాలపు కట్టడం ఎంత బాగుందోనని ఒకావిడ ఇనుప గేటు తీసుకుని లోపలికి పోయి కిటికీలోంచి తొంగి చూసింది. లోపలినుంచి ఇల్లాలు బయటికొచ్చింది.

"ఎవరు గావాల్నమ్మా?"

"ఎవరు గాదమ్మా, ఊకెనే చూస్తున్నం."

"మా ఇల్లునా?"

అప్పుడు మోగింది విజిల్. గట్టిగా, రెండుసార్లు. నలభై నిమిషాలు అయిపోయాయి.

ఆ పొద్దంతా విసుక్కున్న ఆ చప్పుడు ఆ క్షణాన నాకు చాలా మర్యాదగా వినపడింది. బోధన్‌కు నలభై నిమిషాలు చాలవని ఈ వారం ఇక్కడ గట్టిగా రాద్దామనుకున్నాను, తలలో సగం రాసేశాను కూడా. నాకు చాలవు సరే. ఆ ఇల్లాలికి? ఆ పెద్దాయన మోకాళ్ళకు? పల్లెవెలుగులో ఒక్కణ్ణే దిగితే ఊరు నన్ను సర్దుకుంటుంది, ఇంకో చాయ్ పోస్తుంది, ఎవరింటికి వచ్చావని అడిగి ఊరుకుంటుంది. నలభైమంది ఒక్కసారి దిగితే సర్దుకోదు. అది దండయాత్ర, టోపీలొక్కటే తక్కువా, అవీ ఉన్నాయి. గైడు చెప్పే చరిత్ర తప్పులతడకైనా క్షమించొచ్చు, భీముడి కథతోనే సరిపెట్టినా క్షమించొచ్చు. వేళకు మమ్మల్ని పోగేసి బస్సెక్కించాడు చూడండి, ఆ ఒక్క పనికి అతనికి కూలి గిట్టింది.

రాత్రి మేనకోడలికి ఫోన్ చేసి అడిగాను. షిరకావా-గోలో ఇప్పటికీ ఇళ్ళల్లో మనుషులుంటున్నారు, పెరట్లోకి రావద్దని రాసిన బోర్డులున్నాయి అంది. ఆ ఊరివాళ్ళు 1971లోనే కూర్చుని మూడు కట్టుబాట్లు పెట్టుకున్నారు. ఇల్లు అమ్మొద్దు, అద్దెకివ్వొద్దు, పడగొట్టొద్దు. చలికాలంలో మంచు మీద దీపాలు వెలిగించే సాయంత్రాలకు ఎగబడే జనాన్ని తట్టుకోలేక 2019 నుంచి ముందుగా నమోదు చేసుకుంటేనే రానిస్తున్నారు. టూరు బస్సు వాళ్ళను అరగంట ఎక్కువ ఉండనిమ్మని బతిమాలితే గైడమ్మ నవ్వుతూనే కుదరదందట. ఆ రోజు మా పిల్లకూ కోపమొచ్చిందట, మా వంశంలో ఉన్నదే.

కందకుర్తిలో గోదావరి, మంజీర, హరిద్ర కలిసేచోట బట్టలు తడవకుండా కాళ్ళు కడుక్కుని వచ్చేశాం. అలీసాగర్‌లో చాయ్ తాగాం. వాటిమీద ఎవరికీ ఫిర్యాదు లేదు.

ఇప్పుడు సారు తర్వాతి ప్రయాణం లేపాడు. ఆర్మూరు సిద్ధులగుట్ట, అంకాపూర్, బాల్కొండ ఖిల్లా. పేర్లు చాలా వచ్చాయి, రెండు బస్సులు పెడదామన్నాడు. రెండో బస్సు మాటెత్తితే నేను రానని గ్రూపులో రాశాను. ఈ కాలమిస్టుకు వయసు మీద పడిందని ఎవరో రాశారు, ఉండొచ్చు. అంకాపూర్ అంటే అందరికీ నాటుకోడే. కోడి కంటే ముందు అది విత్తనాల ఊరు, జొన్నకూ సజ్జకూ విత్తనం పండించి దేశమంతా పంపే ఊరు. పొలాల్లోకి నలభైమందిమి దిగితే గట్లు ఏమవుతాయో ఆలోచించమన్నాను. ఎంతసేపు ఉండాలో ఈసారి మీరు నిమిషాలు వెయ్యొద్దు, ఊరివాళ్ళను అడిగి వెయ్యమన్నాను. సారు నిజంగానే ఫోన్ చేశాడు.

"కోళ్ళు ఎన్ని గావాల్నో ముందుగాల జెప్పుండ్రి సారూ. ఎంతసేపుంటే మాకేంది?" అన్నారట అవతలివాళ్ళు.