ఒక ద్వీపం, ఒక పుస్తకం: ‘కొలాప్స్’ను చదవడం ఎలా?

సమాజాల ఉత్థాన పతనాలపై ఇటీవలి దశాబ్దాలలో విరివిగా చదివిన పుస్తకాలలో జారెడ్ డైమండ్ రచనలు ముందుంటాయి. 1997లో వెలువడిన ఆయన ‘గన్స్, జెర్మ్స్ అండ్ స్టీల్’కు మరుసటి సంవత్సరం పులిట్జర్ బహుమతి లభించింది. కొన్ని సమాజాలు ఎలా ఎదిగాయో అందులో వివరించిన ఆయన, కొన్ని ఎందుకు కూలిపోతాయో చెప్పడానికి 2005లో ‘కొలాప్స్’ రాశారు. ఈ భాగంలో మనం పరిశీలించేది ఈ రెండవ పుస్తకాన్ని. అందులోనూ ముఖ్యంగా ఈస్టర్ ద్వీపం గురించిన అధ్యాయాన్ని. ఒక్క అధ్యాయమే ఎందుకని మీరు అడగవచ్చు. పుస్తకం మొత్తానికి ఆయువుపట్టు అదే.

డైమండ్ ఐదు అంశాలతో ఒక చట్రం నిర్మించారు: పర్యావరణానికి జరిగిన నష్టం, వాతావరణ మార్పు, శత్రువులైన పొరుగువారు, మిత్రుల నుంచి అందే వర్తకం తగ్గిపోవడం, సమస్యలకు ఆ సమాజం స్పందించిన తీరు. గ్రీన్‌లాండ్‌లో స్థిరపడిన నార్స్ ప్రజల అధ్యాయాలలో ఈ ఐదూ చక్కగా పనిచేస్తాయి. పుస్తకంలో నాకు బాగా నచ్చిన భాగం అదే. టోకుగావా కాలంలో జపాన్ తన అడవులను కాపాడుకున్న వైనాన్ని కూడా ఆయన చెప్పారు కనుక, ఇది కేవలం నిరాశావాద గ్రంథం అనడం సరికాదు.

ఇక ఈస్టర్ ద్వీపం. అక్కడివారు దానిని రాపానుయి అంటారు. చిలీ తీరానికి సుమారు 3,500 కిలోమీటర్ల దూరంలో, పసిఫిక్ మహాసముద్రం మధ్యలో ఉంది. 1722లో ఈస్టర్ పండుగనాడు డచ్ నావికుడు రోగెవీన్ అక్కడికి చేరినప్పుడు పెద్ద చెట్లు కనబడలేదు. బ్రహ్మాండమైన రాతి విగ్రహాలు కనబడ్డాయి. డైమండ్ కథనం ప్రకారం, విగ్రహాలను తరలించడానికీ సాగుకూ వంటచెరకుకూ అడవిని నరికివేశారు. తిండి తగ్గింది, అంతర్యుద్ధాలు చెలరేగాయి, జనాభా కుప్పకూలింది. చివరి తాటిజాతి చెట్టును నరికిన మనిషి ఆ క్షణాన ఏమనుకొని ఉంటాడని ఆయన అడుగుతారు. తరగతిలో ఈ ప్రశ్న చెప్పిన ప్రతిసారీ నిశ్శబ్దం ఆవరించేది. నేనూ చాలాకాలం ఆ ప్రశ్నకు లొంగిపోయాను.

అయితే సాక్ష్యం ఏమంటుంది? అడవి పోయిన మాట నిజం. దానిని ఎవరూ కాదనడం లేదు. పురావస్తు పరిశోధకులు టెరీ హంట్, కార్ల్ లైపో మాత్రం, వలస పడవల్లో వచ్చిన ఎలుకలు ఆ చెట్ల గింజలను తినేయడం వల్ల అడవి తిరిగి మొలవలేదని వాదించారు. చెట్లు పోయాక కూడా ప్రజలు పొలాల్లో రాళ్ళు పరచి, తేమ నిలుపుకొని చిలగడదుంపలు పండించుకున్నారు. ఒకప్పటి జనాభా విషయంలో డైమండ్ మొగ్గు 15,000, అంతకు పైబడిన అంచనాల వైపు. హంట్, లైపోల లెక్క సుమారు 3,000. ఇంత తేడా ఉంటే కథే మారిపోతుంది. గరిష్ఠ సంఖ్యను పెంచుకుంటే పతనం దానంతట అదే పుట్టుకొస్తుంది. 2024లో ‘నేచర్’ పత్రికలో వచ్చిన జన్యు అధ్యయనం 15 మంది పూర్వపు ద్వీపవాసుల అవశేషాలను పరీక్షించి, 1860ల వరకు జనాభా నిలకడగా పెరిగిందనీ, 17వ శతాబ్దంలో కుప్పకూలిన జాడ లేదనీ తేల్చింది.

మరి 1860లలో ఏం జరిగింది? 1862–63లో పెరూ నుంచి వచ్చిన ఓడలు సుమారు 1,500 మందిని బానిసలుగా పట్టుకుపోయాయి. తిరిగి రాగలిగిన కొద్దిమందితోపాటు మశూచి వచ్చింది. మిగిలినవారిలో పలువురు తాహితీ వంటి దీవులకు వెళ్ళిపోయారు. 1877 నాటికి ద్వీపంలో మిగిలింది 111 మంది.

డైమండ్ ఈ దాడులను దాచలేదు, ప్రస్తావించారు. కాని సుదీర్ఘమైన అధ్యాయంలో వాటికి దక్కింది కొద్ది వాక్యాలే. నా అభ్యంతరం ఇక్కడే. ఆత్మహత్య అని రాసేస్తే ఇక హంతకుడి కోసం ఎవరూ వెతకరు. పర్యావరణం గురించి మనల్ని హెచ్చరించాలన్న రచయిత ఉద్దేశం మంచిదే. ఆ హెచ్చరికకు మూల్యం మాత్రం రాపానుయి ప్రజలు తమ పూర్వుల పరువుతో చెల్లించవలసి వచ్చింది.

‘పతనం’ అనే మాటతోనే చిక్కుంది. 1988లో ‘ది కొలాప్స్ ఆఫ్ కాంప్లెక్స్ సొసైటీస్’ రాసిన జోసెఫ్ టెయింటర్ దానికి పొదుపైన అర్థం ఇచ్చారు: సమాజపు సంక్లిష్టత తక్కువ కాలంలో బాగా తగ్గిపోవడం. రాజ్యం కూలితే పన్నులు కట్టే రైతుకు ఊరట కలగవచ్చునని కూడా ఆయన గుర్తించారు. మన పరీక్షలలో ‘విజయనగర పతనానికి కారణాలు రాయండి’ అన్న ప్రశ్న ఏళ్ళ తరబడి వస్తోంది (నేనూ ఇచ్చాను, ఒప్పుకోవాలి). 1565 తరువాత కూడా అరవీటి రాజులు పెనుకొండ నుంచి, ఆపైన చంద్రగిరి నుంచి పాలించారని రాసిన విద్యార్థికి ఆ ప్రశ్నలో చోటే ఉండేది కాదు.

మీకు ‘కొలాప్స్’ దొరికితే ఈస్టర్ అధ్యాయాన్ని పెన్సిల్ పట్టుకొని చదవండి. 1722కు ముందు జరిగినట్లు చెప్పిన ప్రతి సంఘటన పక్కన, దానికి చూపిన ఆధారం తవ్వకాలదా, మౌఖిక కథలదా, రచయిత ఊహదా అని గుర్తు పెట్టండి. తరువాత బానిసల వేటకు కేటాయించిన పంక్తులు లెక్కించండి. ఆ 111 మంది వారసులు నేటికీ ఆ ద్వీపంలో ఉన్నారు; రాపానుయి భాష మాట్లాడేవారు ఇంకా ఉన్నారు.